టెమెరేర్: లేని తెరచాపలు, లేని మనుషులు

ముందు ఒక లెక్క. టెమెరేర్ అనే బ్రిటిష్ యుద్ధనౌక 1798 సెప్టెంబరు 11న చాతం రేవులో నీళ్ళలోకి దిగింది. 1838 సెప్టెంబరు 5, 6 తేదీల్లో దాన్ని ముక్కలు చేయడానికి థేమ్స్ నది మీదుగా లాక్కెళ్ళారు. దాదాపు నలభై ఏళ్ళు. ఆ నలభై ఏళ్ళలో రెండు దేశాల నౌకాదళాలు ఎదురెదురుగా నిలబడి కొట్టుకున్న పెద్ద యుద్ధంలో అది పాల్గొన్నది ఒకే ఒక్క రోజు: 1805 అక్టోబరు 21, ట్రఫాల్గర్. ఆ ఒక్క రోజులో కూడా అసలు కొట్లాట కొన్ని గంటలే. మిగతా కాలమంతా కాపలా, రిపేర్లు, ఎదురుచూపులు. తర్వాత జైలు. ఆ తర్వాత గోడౌను.

కానీ ఆ ఓడ మనకి తెలిసింది 'ఫైటింగ్ టెమెరేర్'గా. ఆ పేరు పెట్టింది నేవీ కాదు, టర్నర్ అనే పెయింటర్. 1839లో లండన్ రాయల్ అకాడమీలో ఆయన ప్రదర్శనకి పెట్టిన పెయింటింగ్ పూర్తి పేరు కొంచెం పొడుగు. పోరాడిన టెమెరేర్‌ని 1838లో పగలగొట్టడానికి దాని ఆఖరి మజిలీకి లాక్కెళ్ళడం అని దాని అర్థం. పాత నావికులు దాన్ని వేరే ముద్దుపేరుతో పిలిచేవాళ్ళట, 'సాసీ' అని. టెక్కులాడి అనుకోండి. టర్నర్ పుణ్యమా అని టెక్కు పోయి పోరాటం మిగిలింది.

ఈ పెయింటింగ్ ఇప్పుడు బొమ్మ స్థాయి దాటిపోయింది. 2005లో బీబీసీ రేడియో వాళ్ళు బ్రిటన్‌లో ఉన్న అన్ని పెయింటింగుల్లో గొప్పది ఏదని శ్రోతల్ని ఓటెయ్యమంటే ఇదే గెలిచింది. 2020 నుంచి వాళ్ళ ఇరవై పౌండ్ల నోటు మీద టర్నర్ మొహం, వెనకాల ఈ ఓడ. 'స్కైఫాల్' సినిమాలో వయసు మీదపడుతున్న జేమ్స్ బాండ్ నేషనల్ గ్యాలరీలో దీని ఎదురుగా కూర్చుంటాడు. పక్కన కుర్ర క్యూ వచ్చి కూర్చుని పాత ఓడ గురించి ఒక ముక్క అంటాడు. సీన్ అర్థం కావడానికి మనకి ఆర్ట్ హిస్టరీ అక్కర్లేదు. పాతది పోతోంది, కొత్తది లాక్కెళుతోంది, అంతే.

నా పేచీ ఆ 'అంతే' దగ్గర.

బొమ్మ చూడని వాళ్ళ కోసం కొంచెం చెప్తాను. సుమారు మూడడుగుల ఎత్తు, నాలుగడుగుల వెడల్పు. ఆఫీసు పని మీద లండన్ వెళ్ళినప్పుడు ఒక శనివారం చూశాను. ఫోన్ స్క్రీన్ మీద చూసిన దానికీ దీనికీ పెద్ద తేడా రంగులో కాదు, మందంలో ఉంది. కుడివైపు సూర్యాస్తమయం. అక్కడ రంగు గోడకి సున్నం మెత్తినట్టు మందంగా ఉంటుంది. ఎడమవైపు ఓడ. అక్కడ రంగు ఎంత పల్చగా ఉందంటే ఓడ వెనకనుంచి వెలుతురు వస్తోందేమో అనిపిస్తుంది. తెల్లగా, లేత బంగారు రంగులో, మూడు కొయ్యలతో, చుట్టి కట్టిన తెరచాపలతో, ఇక్కడ ఉందో లేదో తెలియకుండా ఉంటుంది. దాని ముందు పొట్టిగా, నల్లగా, గట్టిగా ఒక ఆవిరి టగ్ బోటు. పొగగొట్టం లోంచి మంట కలిసిన పొగ వెనక్కి లేచి సరిగ్గా పాత ఓడ కొయ్యల మీదుగా పోతోంది. పైన ఎడమ మూల నెలవంక. కింద కుడి మూల నల్లగా ఒక బోయా. కాన్వాసులో ఎక్కువ భాగం ఆకాశమే.

ఇప్పుడు దీంట్లో నిజం ఎంతో చూద్దాం. తప్పులు పట్టడం నా ఉద్యోగంలో సగం కాబట్టి ఈ పని నాకు ఇష్టం.

ఒకటి, కొయ్యలు. అమ్మకానికి పెట్టేముందే టెమెరేర్ కొయ్యలు, మోకులు, ఫిరంగులు, పనికొచ్చేవన్నీ నేవీ వాళ్ళు తీసేసుకున్నారు. థేమ్స్ మీద వెళ్ళింది ఒక పెద్ద ఖాళీ చెక్కపెట్టె. లాగింది కూడా ఒక టగ్ కాదు, రెండు. వాటి పేర్లు లండన్, శాంసన్. రంగు సంగతి సరే, ట్రఫాల్గర్ నాటి ఓడలకి నలుపు మీద పసుపు పట్టీలు ఉండేవి. ఈ దంతపు తెలుపు టర్నర్ సొంతం. ఇక సూర్యుడు. ఓడ బయల్దేరింది షీర్‌నెస్ నుంచి, అంటే నది సముద్రంలో కలిసే చోటు నుంచి. వెళ్ళింది రోదర్‌హైత్‌కి, లండన్ వైపు. అంటే పడమటికి. అస్తమించే సూర్యుడు ఓడకి ఎదురుగా ఉండాలి. టర్నర్ బొమ్మలో ఓడ సూర్యుడికి వీపు చూపించి మన వైపు వస్తోంది. నది మెలికలు తిరుగుతుంది కదా, ఏదో ఒక మలుపులో అలా కనపడి ఉండొచ్చు కదా అని సర్దిచెప్పేవాళ్ళు ఉన్నారు. ఉండొచ్చు. టగ్ బోటు మీద పొగగొట్టం ముందు, స్తంభం వెనక ఉన్నాయి. అసలు టగ్గుల్లో అమరిక అలా ఉండదని తెలిసిన చెక్కుడు కళాకారుడు విల్‌మోర్, 1845లో ఈ బొమ్మని ప్రింటు కోసం లోహపు రేకు మీదకి ఎక్కించేటప్పుడు, పెద్దమనసుతో వాటి స్థానాలు మార్చేశాడు. టర్నర్‌కి అది నచ్చలేదు. కోడ్ రివ్యూలో ఎవరో మన లాజిక్‌ని 'ఫిక్స్' చేసి పెడితే ఎలా ఉంటుందో మా వాళ్ళకి చెప్పక్కర్లేదు. పొగ అలా వెనక్కి, కొయ్యల మీదకి పోవాలంటే గొట్టం ముందే ఉండాలి. అది తప్పు కాదు, బొమ్మకి వెన్నుపూస.

అసలు టర్నర్ ఆ రోజు ఓడని లాక్కెళ్తుంటే చూశాడనడానికి కూడా గట్టి ఆధారం లేదు. చూశాడని కథలు మాత్రం బోలెడు.

కాబట్టి ఇది రిపోర్టు కాదు. ఆ విషయంలో నాకు ఏ ఇబ్బందీ లేదు. ఇబ్బంది ఈ బొమ్మ మీద నూట ఎనభై ఏళ్ళుగా పేరుకున్న ఒకే ఒక అర్థంతో. దాన్ని మొదట గట్టిగా చెప్పినవాళ్ళలో నవలాకారుడు థాకరే ఒకడు. 1839లోనే మారుపేరుతో రాసిన సమీక్షలో ఆ టగ్ బోటుని ఒక చిన్న దయ్యం లెక్కన తిట్టిపోసి, పాత ఓడని అమరవీరుణ్ణి చేశాడు. అప్పట్నుంచీ పాఠం అదే. తెరచాపల యుగం పోయింది, ఆవిరి యుగం వచ్చింది, అందం పోయింది, మసి వచ్చింది. 1866లో అమెరికాలో మెల్విల్ కూడా టెమెరేర్ మీద పద్యం రాశాడు, ఇనుప ఓడలొచ్చాక కొయ్య ఓడల వైభవం ఏమైందని.

తారీఖులు చూస్తే ఈ పాఠం నిలబడదు. టెమెరేర్ చివరిసారిగా పోరాటపు సర్వీసు నుంచి రేవుకి తిరిగొచ్చింది 1812లో. థేమ్స్ మీద ఆవిరి పడవలు తిరగడం మొదలయింది 1815 ప్రాంతాల్లో. అంటే దాని కథని ముగించింది ఆవిరి కాదు. శాంతి. నెపోలియన్ ఓడిపోయాక అన్ని పెద్ద ఓడలతో నేవీకి పని లేకపోయింది. వందల కొద్దీ ఓడల్ని అమ్మేశారు, పగలగొట్టారు, రేవుల్లో కట్టేసి కుళ్ళబెట్టారు. నెపోలియన్ లొంగిపోయి ఎక్కిన బెల్లరాఫన్ అంతటి ఓడ కూడా ఖైదీల కొట్టుగా మారి, టెమెరేర్ కంటే ముందే 1836లో స్క్రాపులోకి పోయింది. దానికి ఇలాంటి పెయింటింగ్ లేదు కాబట్టి ఏడ్చేవాళ్ళు తక్కువ. 1838లో కూడా బ్రిటిష్ నేవీ పెద్ద యుద్ధనౌకలు తెరచాపలతోనే నడిచేవి. టగ్ బోటు వచ్చి వాటిని చంపలేదు. గాలి లేని రోజున రేవులోంచి బయటికి లాగి సాయం చేసేది.

పైగా టర్నర్‌కి ఆవిరంటే పడదా అంటే అదీ లేదు. మార్గేట్ వెళ్ళడానికి స్టీమర్లు ఎక్కి తిరిగిన మనిషి. 1832లోనే స్టాఫా దీవి దగ్గర తుఫాను మబ్బుల కింద ఒక స్టీమర్‌ని వేశాడు. 1842లో మంచుతుఫానులో చిక్కుకున్న ఆవిరి పడవ, 1844లో వానలో దూసుకొచ్చే రైలు. పంతొమ్మిదో శతాబ్దపు మొదటి సగంలో యంత్రాన్ని ఇంత ప్రేమగా చూసిన పెయింటర్ ఇంకొకడు నాకు కనపడడు. టెమెరేర్ బొమ్మలో కూడా చూడండి, కళ్ళు ముందు ఆగేది టగ్ మీదే. అది దయ్యం కాదు, పని చేస్తోంది. బొమ్మ మొత్తంలో పని చేస్తున్నది అదొక్కటే.

(మా ఫీల్డులో 'లెగసీ' అనేది తిట్టు. ఇరవై ఏళ్ళు నడిచిన సిస్టమ్‌ని ఆపేసే రోజున, దాన్ని రోజూ తిట్టినవాళ్ళే కేకు కోసి ఫోటోలు దిగడం చూశాను. కొత్త సిస్టమ్ మీద కోపం ఎవరికీ లేదు, అది పాతదాన్ని చంపిందని ఎవరూ అనుకోలేదు. ఆ రోజు అక్కడున్న దుఃఖం వేరే రకం. టర్నర్ బొమ్మలో ఉన్నది ఆ రకమే అని నా అనుమానం.)

మరి ఆ తెల్లటి ఓడ ఏమిటి? లేని కొయ్యల్ని ఎందుకు నిలబెట్టాడు?

మన ఇళ్ళల్లో పోయినవాళ్ళ ఫోటోకి ఫ్రేం కట్టించేటప్పుడు ఆఖరి ఏడాది ఫోటో ఎవరూ ఇవ్వరు. ముక్కులో గొట్టంతో, చిక్కిపోయి, గడ్డంతో ఉన్న మొహం గోడకెక్కదు. పెళ్ళి నాటిదో, ఉద్యోగంలో ప్రమోషన్ వచ్చినప్పటిదో వెతికి, స్టూడియో వాడికి చెప్పి వెనక నీలం రంగు వేయించి, కోటు తొడిగించి, దండ వేస్తాం. టర్నర్ చేసింది అదే. ఖాళీ చెక్కపెట్టెకి 1805 నాటి కోటు తొడిగాడు. దీన్ని అబద్ధం అనడానికి నాకు నోరు రాదు. చావు దగ్గర మనుషులు చేసే పని అది. థాకరేకి కనపడిన వీరగాథ కన్నా ఈ చిన్న పనే నాకు ఎక్కువ ముట్టింది.

కానీ ఫ్రేం కట్టేటప్పుడు కత్తిరించేవి కూడా ఉంటాయి. ఆ ఫోటోలో పక్కన నిలబడ్డవాళ్ళు.

టెమెరేర్ సర్వీసులో టర్నర్ శీర్షికలోకి రాని ఒక డిసెంబరు ఉంది. 1801. ఇంగ్లండ్, ఫ్రాన్సుల మధ్య సంధి మాటలు నడుస్తున్నాయి. ఐర్లండ్‌లోని బాంట్రీ బే అనే చోట ఓడ లంగరేసి ఉంది. ఓడ మీద ఏడు వందల మందికి పైగా. వాళ్ళలో చాలామంది ఇష్టపడి చేరినవాళ్ళు కాదు. ఆ కాలంలో రేవు వీధుల్లో, వ్యాపార ఓడల మీద మగవాళ్ళని బలవంతంగా పట్టుకొచ్చి నేవీలో పడేసే పద్ధతి చట్టబద్ధం. యుద్ధం అయిపోయిందంటే వాళ్ళకి అర్థం ఒక్కటే, ఇల్లు. ఇంతలో ఓడని వెస్టిండీస్ పంపుతున్నారని తెలిసింది. వెస్టిండీస్ అంటే ఆ రోజుల్లో యెల్లో ఫీవర్. ఫిరంగిగుండు కంటే ఎక్కువమందిని తినేసిన జ్వరం. నావికులు డెక్కు మీద గుమిగూడి, ఇంగ్లండ్ వైపు తప్ప ఇంకెటూ లంగరు ఎత్తబోమని అడ్మిరల్ క్యాంప్‌బెల్‌తో చెప్పేశారు. ఎవర్నీ చంపలేదు, ఓడని ఎత్తుకుపోలేదు. ఇంటికి పంపమన్నారు.

1802 జనవరిలో పోర్ట్స్‌మత్‌లో కోర్టు మార్షల్ జరిగింది. పదిమందికి పైగా నావికుల్ని ఉరితీశారు. కొందరిని వేరే ఓడల మీద, కొందరిని టెమెరేర్ మీదే, దాని తెరచాపలు కట్టే అడ్డకొయ్యలకే. ఆ తర్వాత మిగిలినవాళ్ళతో ఓడ వెస్టిండీస్ వెళ్ళింది. బార్బడోస్‌కి. కొన్ని నెలలు ఉంది. తిరిగొచ్చింది. సంధి అయిపోయింది కాబట్టి అందరి లెక్కలూ తేల్చి ఇళ్ళకి పంపేశారు. వాళ్ళు అడిగింది కూడా అదే.

టర్నర్ లేని కొయ్యల్ని నిలబెట్టాడు అన్నాను కదా. ఆ కొయ్యలే ఇవి.

మూడేళ్ళ తర్వాత ట్రఫాల్గర్. దీని గురించి ఎన్ని పుస్తకాలున్నాయో లెక్కలేదు కాబట్టి టెమెరేర్ వరకే చెప్తాను. నెల్సన్ ఉన్న విక్టరీ ముందు, వెనకే టెమెరేర్. కెప్టెన్ ఎలియాబ్ హార్వీ తన ఓడని ముందుకి దూకించబోతే, వెనకే ఉండమని నెల్సన్ ఆపాడు. విక్టరీ వెళ్ళి ఫ్రెంచి ఓడ రెడౌటబుల్‌కి అతుక్కుంది. దాని కెప్టెన్ లూకా తన మనుషులకి తుపాకీ కాల్చడం, ఎదుటి ఓడలోకి దూకడం అదే పనిగా నేర్పించినవాడు. రెడౌటబుల్ కొయ్య మీదనుంచి కాల్చిన గుండుకే నెల్సన్ పడిపోయాడు. ఫ్రెంచివాళ్ళు విక్టరీ మీదకి దూకడానికి గుంపుకట్టిన సమయంలో రెండో పక్కనుంచి టెమెరేర్ వచ్చి ఫిరంగులన్నీ ఒక్కసారి పేల్చింది. ఆ ఒక్క దెబ్బకి రెండు వందల మందికి పైగా పడ్డారని లూకా తర్వాత రాసుకున్నాడు. ఇంతలో టెమెరేర్ రెండో వైపు ఫూగ్యూ అనే ఇంకో ఫ్రెంచి ఓడ వచ్చి గుద్దుకుంది. ఇప్పుడు నాలుగు ఓడలు ఒకదానికొకటి అతుక్కుని వరసగా ఉన్నాయి: విక్టరీ, రెడౌటబుల్, టెమెరేర్, ఫూగ్యూ. టెమెరేర్ ఫస్ట్ లెఫ్టినెంట్ థామస్ కెనెడీ కొద్దిమందితో ఫూగ్యూ మీదకి దూకి దాన్ని పట్టుకున్నాడు. ఓడల పేర్లు గమనించండి. టెమెరేర్ అంటే ఫ్రెంచిలో ముందూ వెనకా చూడని తెగింపు. 1759లో ఫ్రెంచివాళ్ళ దగ్గర పట్టుకున్న ఓడ పేరు ఇది, బ్రిటిష్‌వాళ్ళు దాన్ని అలాగే ఉంచేసుకున్నారు. రెడౌటబుల్ అంటే భయంకరమైనది. ఫూగ్యూ అంటే ఆవేశపరుడు. పేర్లలోనే సగం యుద్ధం.

సాయంత్రానికి టెమెరేర్ మీద 47 మంది చనిపోయారు, 76 మంది గాయపడ్డారు. కొయ్యలు, తెరచాపలు నుజ్జయ్యాయి. కదలడం చేతకాక సిరియస్ అనే చిన్న ఓడతో మోకు కట్టించుకుని లాగించుకోవాల్సి వచ్చింది. ఇది నాకు చాలా ఇష్టమైన వివరం. లాక్కెళ్ళబడటం అవమానం అని థాకరే అనుకున్నాడు. టెమెరేర్‌ని మొదటిసారి అలా లాగింది దాని జీవితంలోకెల్లా గొప్ప రోజున. తర్వాత వచ్చిన తుఫానులో పట్టుకున్న రెండు ఫ్రెంచి ఓడలూ పోయాయి, వాటి కాపలాకి ఎక్కిన టెమెరేర్ మనుషుల్లో మరికొందరూ పోయారు. హార్వీకి మాత్రం పేరొచ్చింది. అడ్మిరల్ కాలింగ్‌వుడ్ తన నివేదికలో టెమెరేర్‌ని ప్రత్యేకంగా మెచ్చుకున్నాడు. హార్వీ ఆ తర్వాత ఎంత గొప్పలు చెప్పుకున్నాడంటే తోటి కెప్టెన్లకి విసుగొచ్చింది. తన వంశ చిహ్నంలో ఆ రెండు ఫ్రెంచి ఓడల పేర్లూ చేర్చుకున్నాడు. 1809లో ఇంకో అడ్మిరల్‌ని నోటికొచ్చినట్టు తిట్టినందుకు ఆయనకీ కోర్టు మార్షల్ అయింది. ఉద్యోగం పోయింది, మరుసటేడే మళ్ళీ ఇచ్చేశారు. బాంట్రీ బేలో ఇంటికి పంపమన్నవాళ్ళ సంగతి పక్కన పెట్టుకుని దీన్ని చదువుకోవచ్చు.

తర్వాతి కాలం గబగబా చెప్పేయొచ్చు: బాల్టిక్, కాడిజ్, తూలాన్ ముందు కాపలా. 1813లో కొయ్యలు తీసేసి యుద్ధఖైదీల కోసం ప్లిమత్ దగ్గర తేలే జైలుగా మార్చారు. 1820 నుంచి షీర్‌నెస్‌లో కొత్త నావికుల్ని ఓడలు కేటాయించేదాకా ఉంచే చోటు, తర్వాత సరుకుల గోడౌను. యుద్ధంలో ఉన్న ఏళ్ళకంటే ఇలా కట్టేసి ఉన్న ఏళ్ళే ఎక్కువ. 1838 జూన్ 28న విక్టోరియా రాణి పట్టాభిషేకానికి దాని ఫిరంగులు చివరిసారి పేలాయి. ఆగస్టులో జాన్ బీట్సన్ అనే వ్యాపారి 5,530 పౌండ్లకి కొన్నాడు. దాన్ని కట్టడానికి హైనాల్ట్ అడవిలో ఐదు వేల పైచిలుకు ఓక్ చెట్లు నరికారని అంటారు. ఆ కలప మొత్తం, కలప ధరకి. చివరి రోజుల్లో షీర్‌నెస్‌లో ఆ ఓడకి కెప్టెన్ ఎవరనుకున్నారు? ట్రఫాల్గర్‌లో ఫూగ్యూ మీదకి దూకిన ఆ కెనెడీయే. ముప్ఫై మూడేళ్ళ తర్వాత అదే డెక్కు మీద. టర్నర్ ఈయన్ని వేసి ఉంటే బొమ్మ పాడైపోయేది, సినిమా అయిపోయేది. ఆ మాటకొస్తే టర్నర్ ఎవర్నీ వేయలేదు. పాత ఓడ మీద మనిషి జాడ లేదు. టగ్ మీద చుక్కల్లాంటి ఆకారాలు, అంతే.

ఇక్కడే ఈ బొమ్మ నాకు మన సాహిత్యాన్ని గుర్తుచేస్తుంది, కొంచెం ఇబ్బందిగా. మనకి నగరాల్లో కూర్చుని ఊరి మీద రాసే స్మృతి కవిత్వం, స్మృతి వచనం చాలా ఉంది. చెరువు, అరుగు, రావిచెట్టు, మండువా లోగిలి. ట్రాక్టరు వచ్చింది, ఎడ్లు పోయాయి. వాటిలో బాగున్నవి నిజంగా బాగుంటాయి, చదువుతుంటే గొంతు పట్టేస్తుంది. కానీ గమనిస్తే ఆ లోగిలి ఎప్పుడూ ఖాళీగా, శుభ్రంగా, సాయంత్రపు ఎండలో ఉంటుంది. తెల్లారగట్ల దాన్ని ఊడ్చినమ్మ, ఆ గడప దాటి లోపలికి రానివ్వని మనిషి, ఆ ఎడ్ల వెనక జీతానికున్న పాలేరు కవితలోకి రారు. వస్తే చుక్కల్లా వస్తారు. వస్తువు మీద బెంగ పెట్టుకోవడం సులువు. వస్తువు ఎదురు మాట్లాడదు, ఇంటికి పంపమనదు. ట్రాక్టరుని దయ్యం చేసేస్తే, దానికి ముందు రోజుల గురించి ఎవరూ ప్రశ్నలు వేయరు.

ఈ అభియోగం టర్నర్ మీద పూర్తిగా నిలుస్తుందా? ఇక్కడ నేను రెండు వైపులా లాగబడుతున్నాను. ఒకవైపు, ఆయనకి బాంట్రీ బే తెలియకపోవడానికి కారణం లేదు. ఆ ఉరిశిక్షలు పేపర్లకెక్కినవి. 'ఫైటింగ్' అనే మాట, ప్రదర్శన క్యాటలాగులో థామస్ క్యాంప్‌బెల్ దేశభక్తి పాట నుంచి మార్చి పెట్టుకున్న మాటలు, ఈ రెండూ చూసేవాణ్ణి నేరుగా ట్రఫాల్గర్‌కి తీసుకెళతాయి. అది టర్నర్ చేసిన ఎంపిక. పేరు పెట్టడం కూడా బొమ్మ వేయడంలో భాగమే.

రెండోవైపు, శీర్షికని చేత్తో మూసి బొమ్మ చూస్తే అందులో పోరాటం ఎక్కడుంది? ఆయనకి వీరత్వం వేయడం రాక కాదు. 1824లో నాలుగో జార్జి రాజు కోసం ట్రఫాల్గర్‌నే గోడంత బొమ్మ వేశాడు. ముందుభాగమంతా నీళ్ళలో కొట్టుకుంటున్న, చచ్చిపోతున్న మామూలు నావికులు. నేవీ వాళ్ళకి అది నచ్చలేదు, వివరాలు తప్పని గొడవ చేశారు. మనుషుల్ని వేసిన బొమ్మకి చీవాట్లు, మనుషుల్ని తీసేసిన బొమ్మకి ఇరవై పౌండ్ల నోటు. ఈ పోలికలో టర్నర్ కంటే చూసేవాళ్ళ సంగతే ఎక్కువ తెలుస్తుంది. పదిహేనేళ్ళ తర్వాత ఆయన ఓడని అంత పల్చగా, అవతలి వెలుగు కనపడేంత పల్చగా వేశాడంటే, దాన్ని విగ్రహంలా నిలబెట్టడానికి కాదనే అనిపిస్తుంది. విగ్రహాన్ని మందంగా పోతపోస్తారు. ఇది ఆవిరైపోతోంది. బొమ్మలో గట్టిగా, నమ్మదగ్గట్టు ఉన్నవి మూడే: టగ్, బోయా, సూర్యుడు.

అందుకని నా తీర్పు సగంలో ఆగుతుంది. రంగు నిజాయితీగా ఉంది. శీర్షిక కాదు. థాకరే శీర్షికని చూశాడు, ఆయన వెనక ఒక దేశం మొత్తం శీర్షికని చూసింది, నోటు మీద అచ్చేసుకుంది. టర్నర్ మాత్రం ఈ బొమ్మని ఎవరికీ అమ్మలేదు. అరువిమ్మని అడిగితే కూడా ఇవ్వనన్నాడు, నా ముద్దులది అని పిలుచుకున్నాడు. ఇంగ్లీషులో ఓడ ఆడది కాబట్టి ఆ ముద్దు ఓడకో బొమ్మకో చెప్పలేం. తెలుగులో ఈ గొడవ లేదు, ఓడ 'అది', బొమ్మా 'అది'. 1851లో ఆయన పోయాక మిగతా బొమ్మలతో పాటు దేశానికి దక్కింది.

మన దగ్గర 2014లో ఐఎన్ఎస్ విక్రాంత్‌ని ముంబైలో ముక్కలు చేసినప్పుడు ఆ ఇనుము కొంత ఒక బైకుల కంపెనీ కొనుక్కుని, అది కలిపి బైకులు చేసి అమ్మింది. ప్రకటనలు కూడా గొప్పగా వేసింది. టెమెరేర్ కలప చాలావరకు ఏమైపోయిందో లెక్క లేదు, ఇళ్ళకీ కుర్చీలకీ పోయి ఉంటుంది. కొంత మాత్రం రోదర్‌హైత్‌లోనే, దాన్ని పగలగొట్టిన చోటికి దగ్గర్లో ఉన్న సెయింట్ మేరీ చర్చిలో ఉంది. ఒక ప్రార్థన బల్ల, రెండు కుర్చీలు. వాటి ఫోటోలు చూశాను. ముదురు గోధుమ రంగులో, మందంగా, బరువుగా ఉన్నాయి. టర్నర్ బొమ్మలోని ఓడ రంగు వాటికి ఎక్కడా లేదు.